సూర్యారావు రాబోతున్నది

మార్చి 3, మంగళవారం

గట్టు మీద నివసించు సమస్త ప్రజానీకానికీ తెలియజేయునది ఏమనగా: నేటి నుండి ఎవరునూ తమ లుంగీలను, లంగాలను తూర్పు రెయిలింగు మీద ఆరవేయరాదు. నిన్నటి గాలికి ఆరో పెట్టె వీరాస్వామి గారి చారల లుంగీ ఎగిరి, కింద చల్లగేటు కాపలాదారు ముఖమును కప్పినందునను, సదరు కాపలాదారు గ్రహణము పట్టినదని భ్రమించి గేటు మూసివేసినందునను, నీళ్ళ ట్యాంకరు రెండు గంటలు ఆలస్యమైనందునను, ఇందుమూలముగా గట్టు మీద లుంగీల స్వేచ్ఛ రద్దు చేయడమైనది. ఉల్లంఘించినవారి లుంగీ వారం దినములు నాచే ధరింపబడి, ఉతకకయే తిరిగి ఇవ్వబడును.

ఇది ఈ పొద్దున నేను మైకులో చదివిన ప్రకటన. దీంతోనే మొదలుపెట్టమంది, సినిమా తీయడానికి కిందినుంచి వచ్చిన మేడం. కొత్త పుస్తకం ఇచ్చి, "మీరు రోజూ ఏం చేస్తారో అదే రాయండి బుల్లబ్బాయి గారూ" అంది. నలభై ఏడేళ్ళ బతుకులో నన్ను గారూ అన్నది ఇద్దరే. ఈవిడ, అంతకుముందు నన్ను పట్టుకెళ్ళిన ఒక కానిస్టేబులు. ఆయన కొట్టేముందు అన్నాడు.

చదివేది కిందివాళ్ళు కనక చెబుతున్నాను. గట్టంటే బెజవాడ పాత మెట్రో లైను. మూడేళ్ళు తిరిగి ఆగిపోయింది. ఆగిన పెట్టెలు ఆగినచోటే ఒకటో పట్టా నిండా ఉన్నాయి. పెట్టెకు నాలుగు కాపురాలు. నాది ఏడో పెట్టె. 'వృద్ధులకు, వికలాంగులకు' అని రాసి ఉన్న సీటు నా మంచం. రెండో పట్టా ఖాళీ, దాని మీద అప్పడాలు ఎండబెడతారు. ఎండలు ముదిరి కలిగినవాళ్ళంతా చల్లగేటు పెట్టుకుని నేల కింద చల్లదనంలోకి దిగాక, మిగిలినవాళ్ళం ఇలా ఎండకు దగ్గరగా వచ్చి పడ్డాం. మా నాన్న కాలంలో ఫలానావాడు పైకొచ్చాడు అంటే బాగుపడ్డాడని అర్థమట. ఇప్పుడు గట్టు మీద ఎవర్నైనా ఆ మాటని చూడండి, చెప్పు తీసుకుంటారు.

స్టేషను గదిలో ప్రకటనల మిషను ఇంకా పలుకుతుంది. మూడు భాషల్లో పలికేదట, రెండు కాలిపోయి తెలుగు మిగిలింది. అందులో ఒక ఆడగొంతు. దానికి వచ్చినవి స్టేషన్ల పేర్లు, నంబర్లు, ఇంకో పది ముక్కలు. అంతకు మించి ఒక్క మాట పలకదు. ఆమధ్య నేను 'రైలు రాబోతున్నది' అన్న ముక్క వేస్తే, రెండో పట్టా మీద కునుకు తీస్తున్నవాళ్ళు అప్పడాలు తొక్కుకుంటూ పరిగెత్తారు. నెల్లాళ్ళు నాతో ఎవరూ మాట్లాడలేదు. అంత ప్రశాంతంగా నేను ఎన్నడూ లేను.

మార్చి 5, గురువారం

మేడం పేరు సౌగంధి. డాక్యుమెంటరీలు తీస్తుంది. కెమెరా లేదు. చెవి వెనక అంటించే పావలా అంత బిళ్ళలు డబ్బానిండా తెచ్చి, గట్టు మీద నూట నలభై మందికీ తన చేత్తోనే అంటించింది. మన ఒంట్లో కలిగేది ఆ బిళ్ళకు ఎక్కుతుందట. కింద హాల్లో కూర్చున్నవాళ్ళు అలాంటి బిళ్ళే పెట్టుకుంటే, మనకు కలిగింది వాళ్ళకూ కలుగుతుందట.

నాలుగో పెట్టె కాంతం తల దువ్వుకుని, మొహానికి పసుపు రాసుకుని వచ్చింది. మొహం తీయనని చెబితే అలిగింది. మేడం ఓపిగ్గా చెప్పింది.

"ఇంతకుముందు మీ మీద మూడు సినిమాలు తీశారు. మూడింటిలోనూ మీ ముఖాలు ఉన్నాయి. చూసినవాళ్ళు జాలిపడ్డారు. జాలిపడ్డవాళ్ళకి ఆ పూట అన్నం బాగా సహిస్తుందండీ. అందుకే నాకు ముఖాలు వద్దు, మాటలు వద్దు. ఒక గంటసేపు వాళ్ళ ఒంట్లో మీరు ఉండాలి."

మూడు సినిమాలకు మాకు ముట్టింది ఒక లారీడు పాత స్వెట్టర్లు. నలభై తొమ్మిది డిగ్రీల్లో స్వెట్టర్లు. వీరాస్వామి ఒకటి తొడుక్కుని రోజంతా తిరిగాడు, ఊరికే వచ్చింది కదా అని.

ఈసారి నీళ్ళ కమిటీ సినిమా చూస్తుందట. పదకొండు మంది. గట్టు మీదికి పైపు వేయాలా వద్దా అన్నది ఆ గంట తర్వాత తేలుస్తారు. ఇప్పుడు రెండు రోజులకొకసారి ట్యాంకరు, కాపురానికి రెండు బిందెలు. మొన్న వేసవిలో మూడో పెట్టెలో ఇద్దరు పోయారు. ఒకావిడకు స్నానం చేయించడానికి నీళ్ళు లేక తడిగుడ్డతో తుడిచి పంపేశాం.

బిళ్ళ పీకితే పైపు రాదని మైకులో చెప్పాను. ఎవరూ పీకలేదు.

మార్చి 9, సోమవారం

ఏమీ ఎక్కలేదు.

మేడం దగ్గర పలక లాంటిది ఉంది. ఎవరి బిళ్ళకు ఏం ఎక్కితే అది గీతగా లేస్తుంది. నాలుగు రోజులుగా నూట నలభై గీతలూ పట్టాల్లా పడుకున్నాయి. వీరాస్వామి మిట్టమధ్యాహ్నం ఉత్తకాళ్ళతో పట్టా మీద నడిచాడు. గీత లేవలేదు. కాంతం రెండు పూటలు పస్తు ఉంది. లేవలేదు. ఈ లెక్కన సినిమా మొత్తం చూస్తే కిందివాడికి హాయిగా నిద్ర పడుతుంది.

"బిళ్ళకు కొత్తగా కలిగిందే ఎక్కుతుంది. అలవాటైపోయింది ఎక్కదు. నేనిది ఆలోచించలేదు" అని మేడం తల పట్టుకుంది.

నేను నటించి చూపిస్తానన్నాను. పెట్టె మధ్యలో పడి పొర్లి, కడుపు పట్టుకుని, నీళ్ళో నీళ్ళో అని అరగంట ఏడ్చాను. జనం చప్పట్లు కొట్టారు. నా గీత మాత్రం చచ్చిన పాములా అలాగే ఉంది. మనసులో లేనిది కూడా ఎక్కదట.

తర్వాత మేడం నాలుగో పెట్టె అచ్చియమ్మ దగ్గర కూర్చుంది. అచ్చియమ్మ మొగుడు నాకు అన్నలాంటివాడు, కాబట్టి ఆవిడ నాకు వదిన. వదినా మరుదుల వేళాకోళం మాకు ఉన్నదే. అన్న పదకొండేళ్ళ కింద సొరంగం తవ్వే పనికి ముప్పై ఒక్క మందితో కలిసి దిగాడు. ఒక్కడూ తిరిగి రాలేదు. అడిగితే కంట్రాక్టరు ప్రతి ఏడూ 'పనిలో ఉన్నారు' అని కాగితం పంపుతాడు. కాగితం ఉంది కనక ఆవిడ బొట్టూ గాజులూ తీయలేదు. రోజూ తన వాటా నీళ్ళలోంచి ఒక చెంబెడు తీసి గుమ్మం పక్కన మూత పెడుతుంది, వస్తే కాళ్ళు కడుక్కోవడానికి. సాయంత్రం ఆ నీళ్ళే తాగి పడుకుంటుంది.

మేడం ఆయన గురించి అడిగింది. "పదకొండేళ్ళయిందమ్మా. ఇప్పుడేం లేదు" అంది వదిన. గీత కూడా అదే చెప్పింది.

ఆ సమయంలోనే కాంతం గీత పలక దాటిపోయేట్టు లేచింది. వెనక నుంచి కేక. పొద్దున ఆవిడ బిందెలో నేను రబ్బరు బల్లిని వేసి ఉంచాను. ఆ సంగతి మరిచే పోయాను.

మేడం కేక వినిపించిన వైపు చూడలేదు. గీత వంక చూసి, మెల్లగా నా వంక తిరిగింది.

మార్చి 14, శనివారం

ఇప్పుడు నాకు ఉద్యోగం. పేరు 'స్థానిక కళా సహాయకుడు'. గట్టువాళ్ళు నలభై ఏళ్ళుగా తిట్టిన పనికి కిందివాళ్ళు ఇంత మంచి పేరు పెట్టారు. ఎనిమిదో తరగతి రెండుసార్లు చదివినందుకు ఇన్నాళ్ళకు న్యాయం జరిగింది.

మంగళవారం ఐదో పెట్టె సీట్లకు దురదగొండి నూగు రాశాను. గీతలు ఎక్కాయి, చిన్నవి. బుధవారం ట్యాంకరు నాలుగు రోజులు రాదని మైకులో చెప్పాను. గట్టు గట్టంతా గుండె జారింది. మేడం పలక పట్టుకుని అటూ ఇటూ పరిగెత్తింది. జనం ఉన్న నీళ్ళు దాచుకున్నారు. గురువారం ట్యాంకరు మామూలుగానే వచ్చింది, కానీ అప్పటికి వీరాస్వామి రోజున్నర నీళ్ళు మానేసి, పట్టా మీద పడిపోయాడు. నోట్లో నీళ్ళు పోస్తే లేచి, ముందు తన లుంగీ ఉందో లేదో తడుముకున్నాడు.

"అది కూడా ఎక్కింది" అంది మేడం. గొంతు తగ్గించి అంది. మంచి మనిషి.

నిన్న శుక్రవారం ఒకటి, ఈ రోజు ఒకటి, మళ్ళీ రెండు అబద్ధాలు వేశాను. గట్టు కూల్చేస్తారని ఒకటి, కలరా వచ్చిందని ఒకటి. ఎవరూ తల ఎత్తలేదు. నా అబద్ధాలు వాళ్ళకు వారంలో అలవాటైపోయాయి.

మార్చి 19, గురువారం

కమిటీ వచ్చే మంగళవారమట. మేడం దగ్గర ఉన్నవన్నీ కలిపితే పదకొండు నిమిషాలు. "భయం ఇలా వచ్చి అలా పోతుందండీ. గంటసేపు నిలబడేది కావాలి" అంది.

గొప్పకు పోయి చెప్పాను: "ఆశండి. బాధ మావాళ్ళకు అలవాటు. ఆశ ఎవరికీ అలవాటు లేదు."

ఎవరికి, ఎలా అని అడిగింది. నోరు ఊరుకోలేదు. అచ్చియమ్మ పేరు చెప్పాను. ఎలా అన్నది కూడా చెప్పాను. మనమున్న ఈ స్టేషను అసలు పేరు సూర్యారావుపేట. బోర్డు ఊడి ఎన్నో ఏళ్ళు, ఆ పేరు గట్టు మీద ఎవరికీ గుర్తు లేదు. కానీ మిషనులో ఉంది. చివర 'పేట' కోసేస్తే ఏం మిగులుతుంది? అన్న పేరు సూర్యారావు.

మేడం పలక పక్కన పెట్టింది. తర్వాత రెండు మాటలు చెప్పింది. ఒకటి, ఆవిడ ఒప్పుకోవాలి, ఒప్పుకున్నట్టు ఈ పుస్తకంలో ఉండాలి, కమిటీ ఆ పేజీ చూస్తుంది. రెండు, గంట అయ్యాక 'రద్దు చేయబడినది' అన్న ముక్క వేయాలి. లేచిన గీత పడాలి. "ఆ పడటమే నా సినిమా" అంది.

మార్చి 20, శుక్రవారం

నాలుగో పెట్టెకు వెళ్ళాను. వదిన మాడిన గిన్నె ముందేసుకుని, నీళ్ళు లేవు కనక ఇసకతో తోముతోంది. చేతిలో మసిగుడ్డ. పక్కన కూర్చుని అంతా చెప్పాను. మిషనులో పేరు వస్తుందని, అది ఉత్తదేనని, ఒక గంట ప్లాట్‌ఫారం మీద నిలబడాలని. ఆవిడ తోమడం ఆపలేదు.

"నీళ్ళొత్తాయంటే కానియ్యరా మరిదీ. ఇన్నాళ్ళూ ఊరికే ఎదురుసూశాను. ఓ గంట అందరి కోసం సూత్తాను. అంతేగా" అంది.

ఆ మసిగుడ్డతోనే మొహం తుడుచుకుంది. నుదుటి మీద నల్లటి చార పడింది. చెబితే నవ్వింది.

మేడం ఈ పేజీ రెండుసార్లు చదివింది. తెలిసిన సంగతైతే బిళ్ళకు ఎలా ఎక్కుతుందని అడిగింది. వదిన వాళ్ళ నాన్న సురభి నాటకాల వాళ్ళ దగ్గర తెరలు లాగేవాడండి, నటన ఒంట్లోనే ఉంది, వేషం కడితే ఆవిడే నమ్మేస్తుంది అన్నాను. మేడం నా కళ్ళలోకి ఒక క్షణం చూసి, పుస్తకం మూసి, నా చేతికిచ్చింది.

మార్చి 21, శనివారం

నాలుగింటికి వేశాను.

"దయచేసి గమనించండి. సూర్యారావు. మరి కొద్ది నిమిషాల్లో. రెండవ నంబరు ప్లాట్‌ఫారం మీదికి. రాబోతున్నది."

'రాబోతున్నాడు' అని వేద్దామంటే మిషనులో ఆ ముక్క లేదు. రైళ్ళకు మగ ఆడ ఉండదు కదా.

వదిన నాలుగో పెట్టెలోంచి వచ్చింది. బియ్యం ఏరుతున్నట్టుంది, చేట చేతిలోనే ఉంది. రెండోసారి వేశాను. చేట పట్టా మీద పెట్టేసి లోపలికి వెళ్ళింది. వచ్చేసరికి జడ అల్లుకుని, గుమ్మం పక్కన మూత పెట్టిన చెంబు రెండు చేతులా పట్టుకుని ఉంది. మోకాలి నొప్పి మనిషి, మెట్లు ఎక్కి దిగి రెండో ప్లాట్‌ఫారం మీదికి చేరింది. నీళ్ళు ఒక్క చుక్క ఒలకలేదు.

కాంతం ఊరుకోలేక, అది బుల్లబ్బాయి వెటకారమే, వెనక్కి రమ్మని పిలిచింది. వదిన తల తిప్పకుండానే జవాబు చెప్పింది.

"ఆడి గొంతైతే నేనెందుకు నమ్ముతానే? ఆ మిషనావిడ సెప్పింది. మడుసుల పేర్లు ఆవిడకి రావు. రాని పేరు సెప్పిందంటే నిజవే గదా." మళ్ళీ అంది: "రాబోతున్నదంట. కింద పదకొండేళ్ళుంచుకుని ఆయన్ని ఆడదాన్ని సేసేసినట్టున్నారు."

నటన అంటే అదీ. నా పక్కన మేడం పలక మీద ఒక్క గీత లేచి నిలబడింది. అలాంటిది ఆ పలక మీద ఇంతకుముందు లేదు. గంటైనా వాలలేదు. ఖాళీ పట్టా చివర ఎండలో ఆవిరి లేస్తుంటే, ఆవిడ ఆ ఆవిరి వంకే చూస్తోంది.

ఐదింటికి మేడం వేలు ఎత్తింది. నేను 'రద్దు' ముక్క మీద చెయ్యి పెట్టి, దాని పక్కది నొక్కాను.

"ఆలస్యంగా నడుస్తున్నది. మీకు కలిగిన అసౌకర్యానికి చింతిస్తున్నాము."

ఎందుకు నొక్కానో నాకు తెలియదు. చెంబు మీద మూత లేదని అప్పుడే చూశాను. అంతే.

వదిన బెంచీ మీద చతికిలబడింది. "అంతేలే. ఆయనెప్పుడు టయానికొచ్చాడు గనక" అంది. గీత పడలేదు. మేడం నా మీద అరుస్తుందనుకున్నాను. ఆవిడ ఏడుస్తోంది, సంతోషంగా. "ఇది నాకు తట్టనే లేదు బుల్లబ్బాయి గారూ" అంది.

మార్చి 24, మంగళవారం

నన్నూ కిందికి తీసుకెళ్ళారు. చల్లగేటు దాటగానే పళ్ళు టకటక కొట్టుకున్నాయి. ఒక దుప్పటి ఇచ్చారు. మొదటిసారి ఆ స్వెట్టర్ల మీద గౌరవం కలిగింది.

కమిటీవాళ్ళు పదకొండు మంది మెత్తటి కుర్చీల్లో కూర్చుని బిళ్ళలు పెట్టుకున్నారు. తెర లేదు, బొమ్మ లేదు, చప్పుడు లేదు. మొదటి పదకొండు నిమిషాల్లో దురదలు, గుండె దడలు వచ్చిపోయాయి. ఒకాయన గోక్కున్నాడు. ఆ తర్వాత వదిన గంట మొదలైంది.

పదకొండు తలలూ ఒక్కసారిగా తలుపు వైపు తిరిగాయి. తలుపు మూసే ఉంది. ఎవరూ రావడం లేదు. అందరూ దాన్నే చూస్తున్నారు. పెద్ద ఉద్యోగాల మనుషులు జుట్టు సవరించుకుంటున్నారు. చైర్మన్ డెబ్బై ఏళ్ళ మనిషి, ఉన్నట్టుండి లేచి బల్ల మీది మంచినీళ్ళ గ్లాసు రెండు చేతులా పట్టుకుని, తలుపు దగ్గరికి వెళ్ళి నిలబడ్డాడు. గంట అయ్యేదాకా అలాగే నిలబడ్డాడు. అయ్యాక గ్లాసు వంక చూసుకుని, "ఎవరొస్తున్నారు?" అని మేడంని అడిగాడు.

ఎవరూ చప్పట్లు కొట్టలేదు. కింద వాళ్ళకు అన్నీ అమరే ఉంటాయి, ఎదురుచూడాల్సింది ఏదీ ఉండదు. ఒకావిడ సిగ్గుపడుతూ అడిగింది, రేపు కూడా ఉంటుందా అని.

చైర్మన్, ఆ మనిషి ఒప్పుకునే చేస్తోందా అని అడిగాడు. మేడం ఈ పుస్తకం తెరిచి ఇరవయ్యో తేదీ పేజీ చూపించింది. అందరూ చదివారు. మసిగుడ్డ దగ్గర ఒకావిడ కళ్ళు ఒత్తుకుంది. పేజీ అడుగున ముద్ర వేశారు.

మార్చి 27, శుక్రవారం

పైపు వేశారు. ఒక షరతు. రోజూ నాలుగింటికి వదిన ప్లాట్‌ఫారం మీద కూర్చుంటే, కింద హాలు నిండా జనం బిళ్ళలు పెట్టుకుంటారు. గీత లేచి ఉన్నంతసేపు మాకు నీళ్ళు. ఆవిడ లేచి ఇంటికి వెళ్ళగానే కట్టేస్తారు.

కాబట్టి ఇంకో ప్రకటన:

గట్టు మీద నివసించు సమస్త ప్రజానీకానికీ తెలియజేయునది ఏమనగా: నాలుగో పెట్టె అచ్చియమ్మ గారు అందరి మేలు కోరి వేషము కట్టుచున్నారు. వేషములో ఉన్నవారితో ఇది వేషమని అనరాదు. అనినచో బిళ్ళకు ఎక్కదు, నీళ్ళు రావు. ఆవిడ మిమ్మును ఏమి అడిగిననూ 'వస్తాడు' అని మాత్రమే చెప్పవలెను. నవ్వరాదు.

ఎవరూ నవ్వలేదు. మైకులో చదివితే వదిన వింటుంది కాబట్టి, ఈ ప్రకటన ఆవిడ ప్లాట్‌ఫారం మీద ఉండగా పెట్టె పెట్టెకూ వెళ్ళి నోటితోనే చదివాను.

ఏప్రిల్ 4, శనివారం

గట్టు శుభ్రంగా ఉంది. పిల్లలు తలంటుకుంటున్నారు. వీరాస్వామి రెండు పూటలా స్నానం చేసి, లుంగీ ఉతికి, పడమటి రెయిలింగు మీద ఆరేస్తున్నాడు. నాలుగు కొట్టేసరికి కుళాయి దగ్గర బిందెలు బారుగా ఉంటాయి. వాటి ముందు నుంచే వదిన చెంబు పట్టుకుని వెళుతుంది. ఆవిడ ఆ నీళ్ళు ఇప్పుడు సాయంత్రం తాగడం లేదు. ఆయన ఏ వేళప్పుడొస్తాడో అని పక్కలో పెట్టుకుని పడుకుంటోందట. కాంతం చెప్పింది.

జనం ఆవిడకు కుర్చీ వేశారు, గొడుగు కట్టారు, విసనకర్ర ఇచ్చారు. లేవబోతే ఎవరో ఒకరు పక్కన కూర్చుని కబుర్లు పెడతారు. తన బిందె నిండేదాకా కూర్చుని, నిండాక లేచి పోతారు.

ఏప్రిల్ 18, శనివారం

గీత వాలుతోంది. మూడు రోజులుగా కుళాయి ధార సన్నబడింది. ఆవిడకు ఎదురుచూడటం మళ్ళీ అలవాటు అవుతోందన్నమాట. బిందెల బారులోంచి అందరూ నా వంక చూశారు.

ప్లాట్‌ఫారం మార్చాను. "ఒకటవ నంబరు ప్లాట్‌ఫారం మీదికి రాబోతున్నది." ఒకటో పట్టా నిండా మా కాపురాలు. దాని మీదికి రైలు వచ్చిందంటే మమ్మల్నందర్నీ తొక్కుకుంటూ రావాలి. అయినా వదిన లేచింది. చెంబుతో పరిగెత్తింది. మెట్ల దగ్గర మోకాలు మడతపడి కూలబడింది. చెంబు మాత్రం పైకెత్తే పట్టుకుంది. కుళాయి ధార చెయ్యి పెట్టలేనంత జోరుగా వచ్చింది. ఆ పూట బట్టలు కూడా ఉతుక్కున్నారు.

కాంతం నా పెట్టెకు వచ్చింది.

"ఒరే, ఆవిడ వేషం కట్టట్లేదురా. నేను మొహం సూశాను."

"నీ బిందె నిండిందా?" అని అడిగాను.

కాంతం పైట సర్దుకుని వెళ్ళిపోయింది. కుళాయి వైపే వెళ్ళింది.

మే 2, శనివారం

మూడున్నరకు వదిన నా పెట్టె గుమ్మంలో నిలబడింది. మోకాలికి గుడ్డ కట్టుంది. చెంబు చేతిలోనే ఉంది. లోపలికి రమ్మన్నా రాలేదు. చిక్కిపోయింది. బొట్టు మాత్రం పెద్దదిగా, కొత్తగా ఉంది.

"ఒరే మరిదీ, నువ్వు ఆ మిషను దగ్గరుంటావు గదా. ఆవిడ్నడిగి ఒక్క మాట సెప్పు. వత్తాడా, రాడా? రాడన్నా పరవాలేదు. ఆ మాటకి నేనెప్పుడో అలవాటు పడ్డాను. ఈ వత్తాననడమే నావల్ల కావట్లేదు."

ఆవిడ భుజం మీదుగా కుళాయి కనబడుతోంది. బిందెలు బారు తీరాయి. వీరాస్వామి తువ్వాలు భుజాన వేసుకుని ఉన్నాడు. మూడో పెట్టెలో కొత్తగా పుట్టిన పిల్లకు ఈ పూట మొదటి నిండు స్నానమని వాళ్ళ అమ్మమ్మ పొద్దున్నే చెప్పింది. మేడం కిందినుంచి కబురు పెట్టింది, నిన్న గీత సగానికి పడిందని, ఈ రోజు ఏదైనా కొత్తగా ఆలోచించమని. మిషనులో నేను ఇంతవరకు వాడనిది ఒక్క ముక్కే ఉంది, 'రద్దు చేయబడినది'. దాన్ని వేస్తే ఇవ్వాళ్టికి గీత ఆకాశానికి లేచి పడుతుంది. రేపటి నుంచి మళ్ళీ ట్యాంకరే.

"ఆలస్యంగా నడుస్తంది వదినా" అన్నాను.

తలూపింది. వెళ్ళబోయి ఆగింది.

"రోజూ ఆవిడ సింతిస్తన్నాం అంటది గదా. నువ్వు కూడానా?"

ఆవిడ చెంబు సర్దుకుని ప్లాట్‌ఫారం మెట్ల వైపు నడిచింది. నాలుగైంది. వేశాను. కుళాయి తిరిగింది.

ఇందులో రాసినవన్నీ జరిగినవే. లుంగీ జరిగింది, బల్లి జరిగింది, చైర్మన్ గ్లాసు పట్టుకుని నిలబడింది నా కళ్ళారా చూశాను. ఒక్క ఇరవయ్యో తేదీ పేజీ తప్ప. ఆ రోజు నేను నాలుగో పెట్టెకు వెళ్ళలేదు. ఇదే సీటు మీద కూర్చుని రాశాను. మాడిన గిన్నె, ఇసక, మసిగుడ్డ, నుదుటి మీద చార, ఆ నవ్వు, అన్నీ నేను అల్లినవి. ఆవిడ ఒప్పుకోలేదు. నేను అడగనే లేదు.